వియ్యంకుడి పేరు

పొద్దున్నే గ్లాసు నిండా కాఫీ పడితే గానీ చలమయ్యకు తెల్లారదు. ఆ రోజు మాత్రం సగం కాఫీ గ్లాసులోనే చల్లారిపోయింది. కొడుకు శశికాంత్ చెప్పిన ఒక్క మాటే దానికి కారణం.

"నాన్నా, బారసాలకొచ్చినోళ్ళకి పంచటానికి స్టీలు డబ్బాలు కావాలి. వాటి మీద బాబు పేరు కొట్టించు. చంద్రమౌళి అని."

నరసరావుపేట బజారులో చలమయ్యది గిన్నెల కొట్టు. పెళ్ళిళ్ళకూ గృహప్రవేశాలకూ పంచే సామాన్ల మీద అక్కడే పేర్లు చెక్కి ఇస్తారు. ఊళ్ళోవాళ్ళ పిల్లల పేర్లన్నీ చెక్కించిన మనిషికి సొంత మనవడి పేరు వినగానే గుండెలో కలుక్కుమంది. చంద్రమౌళి ఆయన వియ్యంకుడు. ముప్పాళ్ళలో బడిపంతులుగా చేసినవాడు. కోడలు సాయిశ్రీ కడుపుతో ఉండగానే గుండెపోటుతో పోయాడు.

"అదేందిరా? మగపిల్లోడికి నాన్న తరఫు తాత పేరు గదా పెట్టేది?"

"చానా మంచి పేరు నాన్నా. నెలవంకని తల మీద పెట్టుకున్న శివుడు! మా ఆఫీసులో ఇప్పుడందరూ పాత పేర్లే వెతుక్కుంటన్నారు. ముద్దుగా మౌళీ అని పిలుచుకోవచ్చు."

"నాది మాత్రం కొత్త పేరా? నేను పుట్టిన ఏడు బావులన్నీ ఎండిపోతే, మా అమ్మ వాగు ఇసకలో చలమ తవ్వుకుని, ఆ నీళ్ళు తాగి నన్ను కన్నది. అందుకే చలమయ్య అన్నారు. నెలవంకని చూస్తే దప్పిక తీరుద్దా?"

శశికాంత్ నవ్వేసి బండి తీశాడు. తండ్రి పరాచికాలాడుతున్నాడనుకున్నాడు పాపం.

ఈ కడుపుమంట ఈనాటిది కాదు. శశికాంత్ పెళ్ళిలో ఈ వియ్యంకుడుగారు నాలుగు పద్యాలు చదివేసరికి జనమంతా ఆయన చుట్టూ చేరారు. వడ్డనల దగ్గర చెమటలు కక్కిన చలమయ్యను పలకరించిన నాథుడు లేడు. ఆయన పోయాక ఇంకా కష్టమైంది. బతికున్న మనిషితో పోటీ పడొచ్చు. పోయిన మనిషి గురక పెట్టడు, విసుక్కోడు, కూరలో ఉప్పు ఎక్కువైందని కంచం తొయ్యడు. అలాంటి వాడితో ఎవరు నెగ్గుతారు?

"పేరు కోసం నేను కూడా పోవాలేమోనే," అన్నాడు భార్యతో.

హైమావతి గోంగూర ఒలుస్తూ కసిరింది. "పొద్దున్నే ఏందా పాడు మాటలు? పోయినాయన మీద కూడా కుళ్ళుకుంటారా ఎవరన్నా?"

"నాకు కుళ్ళేంది!" అంటూ చెప్పులేసుకుని కొట్టుకు పోయాడు. కుళ్ళే. అది ఆయనకూ తెలుసు.

కొట్టులో పేర్లు చెక్కే పనివాడు మౌలాలీ, మిషను చేతిలోకి తీసుకుని "ఏం పేరు కొట్టమంటారు శెట్టిగారూ?" అనడిగాడు. వియ్యంకుడి పేరు నాలుక చివరిదాకా వచ్చి ఆగిపోయింది.

"చలమయ్య అని కొట్టు," అన్నాడు.

స్టీలు మీద పడ్డ అక్షరం చెరగదు. డబ్బాలు ఇంటికి చేరాక ఇక వాళ్ళే దారికొస్తారనుకున్నాడు. ఆ పూట అన్నం కూడా కాస్త ఎక్కువే తిన్నాడు.

బారసాల ముందురోజు సాయంత్రం అట్టపెట్టెలు ఇంటికొచ్చాయి. శశికాంత్ ఒక డబ్బా తీసి చూశాడు. ఇంకొకటి తీశాడు. ముఖం ఎర్రబడింది.

"ఏంది నాన్నా ఇది? నీకు మతిగాని పోయిందా?"

ఆ అరుపుకు సాయిశ్రీ బిడ్డను భుజానేసుకుని బయటికొచ్చింది. డబ్బా మీద పేరు చదివింది.

"మామయ్యగారూ, మా నాన్న పేరు మీకంత బరువైందా?"

"అన్నీ ఆయనకేనా అమ్మా?" ఇన్నాళ్ళూ మింగిందంతా ఒక్కసారిగా బయటికి తన్నుకొచ్చింది. "పెళ్ళిలో ఆయన మాటే. ఇంట్లో ఆయన ఊసే. ఇప్పుడు నా ఇంటి మనవడు కూడా ఆయన పేరుతోనే తిరగాలా? నేను బతికుండటమే నా తప్పా?"

హైమావతి, "ఇక ఊరుకోండి," అంటూ అడ్డం రాబోయింది. సాయిశ్రీ ఆమెను ఆపింది. కోడలి కళ్ళలో నీళ్ళు జలజలా రాలాయి.

"మా నాన్నకేం దక్కింది మామయ్యగారూ? వీడి ముఖమన్నా చూశాడా? వీడు ఏడిస్తే కొట్టు వదిలేసి పరిగెత్తుకొచ్చేది మీరు. రేపు చెయ్యి పట్టుకుని బడికి తీసుకెళ్ళేది మీరు. వీడి చేత తాతా అని పిలిపించుకునేదీ మీరే. అన్నీ మీకే వచ్చినయ్. ఉత్త పేరొక్కటి ఆయనకి ఇవ్వలేరా?"

చలమయ్య చూపు డబ్బాల మీంచి మనవడి మీదికి మళ్ళింది. ఇన్నాళ్ళూ ఏమీ దక్కని మనిషిని చూసి ఏడ్చాడా తను? సిగ్గుతో ఒళ్ళు చచ్చిపోయింది. మనవడి పాదం వేళ్ళతో తాకి, తలవంచుకుని వాకిట్లోకి నడిచాడు.

తెల్లారగానే తనే వెళ్ళి కొట్టు తీసి, కొత్త డబ్బాల మీద చంద్రమౌళి పేరు దగ్గరుండి కొట్టించుకొచ్చాడు. పాత డబ్బాలు చూసి హైమావతి మూతి తిప్పింది. "అడుసు తొక్కనేల, కాలు కడగనేల? ఇక నేను బతికినన్నాళ్ళూ పప్పూ ఉప్పూ అన్నీ మీ పేరులోనే పోసుకోవాలి!"

బారసాలకు ముప్పాళ్ళ నుంచి సాయిశ్రీ తల్లి వచ్చింది. పళ్ళెంలో పోసిన బియ్యంలో శశికాంత్ ఉంగరంతో పేరు రాశాడు. పెద్దవాళ్ళు ఒక్కొక్కరే వంగి బిడ్డ చెవిలో ఆ పేరు చెబుతున్నారు. ఆమె వంతు వచ్చింది. వంగింది గానీ పెదవులు కదల్లేదు.

"చెప్పండి వదినగారూ," అంది హైమావతి.

ఆమె తల అడ్డంగా ఊపింది. మొగుడి పేరు నోటితో పలకని తరం ఆమెది. చలమయ్య వైపు చూసింది.

"నా నోటికి రాదు అన్నయ్యగారూ. ఆయన ఉన్నన్నాళ్ళూ ఒక్కసారి కూడా పేరు పెట్టి పిలవలేదు. ఇక ఈ బిడ్డనీ పిలవలేను. నా వంతు కూడా మీరే పిలవండి."

చలమయ్య మనవడిని చేతుల్లోకి తీసుకున్నాడు.

"చంద్రమౌళీ," అన్నాడు మెల్లగా.

"గట్టిగా అన్నయ్యగారూ."

"చంద్రమౌళీ! ఒరేయ్ చంద్రమౌళీ!"

ఆ పిలుపు వీధి దాకా వినబడింది. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, ఏడుస్తూనే నవ్వింది.

"ఇంకొక్కసారి," అంది.