ఊడవకూడని నేల

శుక్రవారం పొద్దున్న ఆఫీసు తలుపు తీసేసరికే ఆవిడ మెట్లమీద కూర్చుని ఉంది. వానకు తడిసిన టోపీని ఒళ్లో పెట్టుకుని పిండుతోంది. ఎడిత్ రామ్స్‌డెన్ లోపలికి రమ్మని, కెటిల్ పొయ్యిమీద పెట్టింది. పదకొండేళ్లుగా ఈ ఆఫీసులో ఆమె చేసే మొదటి పని అదే. భయపడి వచ్చినవాళ్లకు ముందు వేడి టీ కావాలి, ప్రశ్నలు తరవాత.

"నా పేరు విన్నీ అండీ. స్కార్బెక్ చర్చిలో కావలి ఉండే సార్జెంట్ ఓల్డ్‌రాయిడ్ కూతుర్ని. మా నాన్నని దొంగ అంటున్నారు."

డిటెక్టివ్ లూథర్ మెట్కాఫ్ బల్ల వెనక కళ్లు మూసుకుని విన్నాడు. నిద్రపోతున్నాడని కొత్తవాళ్లు అనుకుంటారు. ఎడిత్‌కు తెలుసు, ఆయన అలసిపోయాడు, అంతే. ఈ ఏడాది మరీ అలసిపోయాడు.

విషయం చిన్నదే. స్కార్బెక్ పటాలానికి ఈ ఆదివారంతో ఆయువు తీరుతుంది. సైన్యంలో ఖర్చు తగ్గించమని ప్రభుత్వం ఆదేశించింది. రెండు వందల యాభై ఏళ్ల పటాలాన్ని పక్క జిల్లా పటాలంలో కలిపేస్తున్నారు. స్పెయిన్ యుద్ధంలో 1811లో ఏటి ఒడ్డున శత్రువు చేతికి చిక్కకుండా కాపాడుకున్న జెండా చర్చి గోడమీద ఉండేది. 'ఏనాడూ జెండా పోగొట్టుకోని పటాలం' అన్నది వాళ్ల బిరుదు. సోమవారం రాత్రికీ మంగళవారం పొద్దుటికీ మధ్య ఆ జెండా మాయమైంది. తాళంచెవి సార్జెంట్ దగ్గరే ఉంటుంది. పైగా ఆ ముందటి వారం పబ్బులో ఆయన, "పక్క జిల్లా వెధవల చేతిలో పడే కన్నా తగలెట్టేస్తాను" అని బల్ల గుద్ది మరీ అన్నాడు.

"శనివారం సాయంత్రంలోగా తెచ్చివ్వకపోతే ఇల్లు ఖాళీ చెయ్యమన్నారు కల్నల్ గారు. పోలీసులకి కూడా చెప్తారట. ఆ ఇల్లు చర్చిదండి. మా నాన్నకి డెబ్భై ఆరు."

"మీ నాన్న ఏమంటున్నాడు?" కళ్లు తెరవకుండానే అడిగాడు మెట్కాఫ్.

"ఏమీ అనడంలేదు. తింటున్నాడు, పడుకుంటున్నాడు. అదే నాకు భయంగా ఉంది."

మధ్యాహ్నం బండికి స్కార్బెక్ చేరారు. సార్జెంట్ జాబెజ్ ఓల్డ్‌రాయిడ్ చర్చి తలుపు దగ్గరే నిలబడి ఉన్నాడు, వెన్ను నిట్టనిలువుగా.

"ఎందుకొచ్చారు సార్ ఇంత దూరం? మా అమ్మాయికి బుర్ర లేదు."

"ఉంది కాబట్టే వచ్చింది. చోటు చూపించండి."

గోడకు కొక్కేల మీద ఒట్టి కర్ర మిగిలింది. దాని కింద రాతిపలకలు అద్దంలా మెరుస్తున్నాయి. చుట్టూ ఉన్న పలకలమీద మాత్రం వారం రోజుల దుమ్ము.

"ఇక్కడ ఊడ్చింది మీరా?" అడిగాడు మెట్కాఫ్.

ముసలాయన ముఖం చెంపదెబ్బ తిన్నట్టయింది. "నేనా? ఇక్కడ చీపురు పెట్టకూడదు సార్. చర్చిలో ఉంచిన జెండాని మరమ్మతు చెయ్యం, దించం. దానంతటది పోగుపోగు రాలి మట్టయిపోవాలి. రాలిన పోగు రాలినచోటే ఉండాలి. నలభై ఏళ్లు ఈ నాలుగు పలకల చుట్టూ ఊడ్చాను గానీ, వాటిమీద కాలు కూడా వెయ్యలేదు. పాస్టరు గారు కొత్తలో కసువు కసువన్నారు. కల్నల్ గారు చీవాట్లు పెడితే ఊరుకున్నారు."

మెట్కాఫ్ నిచ్చెన తెప్పించి పైకెక్కాడు. రెండు మెట్లకోసారి ఆగి ఊపిరి తీసుకున్నాడు. కర్ర చివర మేకుకు గోరంత గుడ్డముక్క చిక్కుకుని ఉంది. దాన్ని కాగితంలో పెట్టి దిగి, ఎడిత్ చేతికిచ్చాడు.

"చూడు."

భూతద్దం కింద ఎడిత్ చూసింది. వెలిసిన ఎర్ర పట్టు. అంచున కుట్టు, చీమల బారులా సమంగా ఉంది. తిప్పి చూస్తే వెనకా అంతే, ఒక్క కుట్టు కూడా వంకరపోలేదు. "చాలా శుభ్రంగా కుట్టారు. నా చొక్కా అంచు కూడా ఇలాగే ఉంటుంది," అంది. ఆ కాగితం మడవడానికి ఆయన మామూలుకన్నా ఎక్కువసేపు తీసుకోవడం ఆమె గమనించింది.

కల్నల్ స్ట్రిక్లండ్ ఇంట్లో టీ, దానితో చల్లారిన రొట్టె.

"జెండాని ఎప్పుడైనా దించారా?" అన్నాడు మెట్కాఫ్.

"1864లో ఎక్కించాక మనిషి చెయ్యి తగలలేదు. అది మా ఆచారం."

"ఆదివారం దాన్ని ఏం చేద్దామనుకున్నారు?"

కల్నల్ కాస్త ఇబ్బంది పడ్డాడు. "కొత్త పటాలం వాళ్లు అద్దాలపెట్టెలో పెడదామన్నారు. మొన్న బుధవారం వచ్చి చూడమని లండన్ నుంచి పాత బట్టలు పరీక్షించే ఆవిడని నేనే పిలిచాను; ముందురోజే జెండా పోయింది. ఆచారం తప్పినట్టే, ఒప్పుకుంటాను. అందుకే ఓల్డ్‌రాయిడ్‌కి చెప్పలేదు, గోల చేస్తాడని. నాకూ, పాస్టరుకీ, మేజర్ పెన్నింగ్టన్‌కీ మాత్రమే తెలుసు."

మేజర్ పెన్నింగ్టన్ పటాలం మ్యూజియం చూసుకుంటాడు. సన్నటి మనిషి, ఒంటరివాడు. పటాలం చరిత్ర రాసింది ఆయనే. ఆ లావుపాటి పుస్తకం మెట్కాఫ్‌కు ఇస్తున్నప్పుడు ఆయన వేళ్లు అట్టను వదలడానికి తటపటాయించాయి.

"పాపం ఓల్డ్‌రాయిడ్," అన్నాడు మేజర్.

"అతనే తీశాడంటారా?"

"నేను ఏమీ అనడంలేదు."

ఆ రాత్రి సత్రంలో మెట్కాఫ్ పుస్తకం చదివాడు. ఒకచోట వేలు పెట్టి ఎడిత్‌కు చూపించాడు. 'వెనకవైపు, సింహం గోళ్ల దగ్గర, ఎర్ర పట్టు వెలిసి గులాబీ రంగుకు తిరిగింది' అని ఉంది.

"ఇక చాలు," అన్నాడు. ఆ గొంతులో గెలిచినవాడి సంతోషం లేదు.

శనివారం మధ్యాహ్నం చర్చి పక్కగదిలో అందరూ కూర్చున్నారు. కల్నల్, పాస్టరు, మేజర్, విన్నీ. సార్జెంట్ మాత్రం కూర్చోనన్నాడు.

"దొంగ ఎవరైనా గుడ్డ పట్టుకుని పోతాడు. నేలమీది పోగులు ఏరుకోడు," మొదలుపెట్టాడు మెట్కాఫ్. "ఇక్కడ నాలుగు పలకలు మాత్రమే ఊడ్చారు. పాస్టరు గారు ఊడిస్తే చర్చంతా ఊడ్చేవారు."

"నిజమే," అన్నాడు పాస్టరు సిగ్గుపడుతూ.

"సార్జెంట్ ప్రాణం పోయినా ఊడవడు. మరి ఊడ్చిందెవరు? ఒక్క పోగు కూడా ఎవరి కంటా పడకూడదనుకున్నవాడు. బుధవారం బట్టలు పరీక్షించే ఆవిడ వస్తుందని తెలిసినవాళ్లు ముగ్గురే. కల్నల్ గారు ఆవిణ్ణి స్వయంగా పిలిచారు."

"నన్ను అనుమానించినట్టే ఉంది," అన్నాడు కల్నల్.

"అందర్నీ అనుమానించాను. అదే నా పని. మేజర్ గారూ, తొంభై ఏళ్లకు పైగా ఎవరూ ముట్టుకోని జెండాకి వెనకవైపు రంగెలా ఉందో మీ పుస్తకంలో రాశారు. అది గోడకేసి ఉండే వైపు. ఎలా చూశారు?"

మేజర్ తన అరచేతులు చూసుకున్నాడు.

"పందొమ్మిది వందల ముప్పై నాలుగులో చర్చి కప్పు బాగుచేశారు. అప్పుడు ఒక రాత్రి దించి చూశాను," అన్నాడు. "ఆశ ఆగలేదు. చూడకుండా ఉండాల్సింది."

"ఏం చూశారు?" గద్దించాడు కల్నల్.

మెట్కాఫ్ జేబులోంచి కాగితం తీసి విప్పాడు.

"ఇది కుట్టుమిషన్ మీద కుట్టిన కుట్టు. పైనా కిందా ఒకేలా ఉంటుంది. 1811లో కుట్టుమిషన్ లేదు. అసలు జెండా ఎప్పుడో ఎక్కడో పోయింది, ఆ ఏటిలోనే పోయిందేమో. చర్చిలో పెట్టే రోజు వచ్చేసరికి ఎవరో కొత్తది కుట్టించి, చింపి, మాసేలా చేసి ఎక్కించారు. మేజర్ గారికి పాతికేళ్లుగా తెలుసు. ఎవరికీ చెప్పలేదు. పుస్తకంలో మిగిలినదంతా నిజమే రాశారు. ఇది తప్ప."

"పెన్నింగ్టన్, తగలెట్టావా?" అన్నాడు కల్నల్.

"తగలెట్టగలనా! మ్యూజియంలో ఉన్న చర్చి పాత తాళంచెవితో తలుపు తీసి, దాచాను, అంతే!" మేజర్ గొంతు మొదటిసారి లేచింది. ఆయన లేచి వెళ్లి, పావుగంటలో మ్యూజియంలోని పెద్ద డోలు మోసుకొచ్చాడు. దాని చర్మం విప్పితే లోపల తెల్ల దుప్పట్లో చుట్టిన జెండా, దానిపైన ఒక కవరు. కవర్లో పోగులు. దుమ్ముతో సహా.

"ఓల్డ్‌రాయిడ్‌ని ఇంట్లోంచి వెళ్లగొడుతుంటే నోరు మూసుకున్నావు," అన్నాడు కల్నల్.

"ఆదివారం దాటాక చెబుదామనుకున్నాను. పటాలం పేరే పక్క పటాలంలో కలిసిపోయాక ఇక ఏ పేరు పోయినా పోనీ అని." మేజర్ సార్జెంట్ వైపు చూడలేకపోయాడు. "జాబెజ్, నన్ను క్షమించు."

విన్నీ ఏడుస్తూ తండ్రి చెయ్యి పట్టుకుంది. "విన్నావా నాన్నా? నువ్వు కాదని తేలిపోయింది. ఇల్లు మనదే!"

"అవును," అన్నాడు కల్నల్ తొందరగా. "నీకు నేను క్షమాపణ చెప్పుకోవాలి సార్జెంట్. ఇల్లు నీదే, బతికినంత కాలం."

ముసలాయన ఇవేవీ విన్నట్టు లేడు. డోలు దగ్గరికి వెళ్లి ఆ గుడ్డను చాలాసేపు చూశాడు. ముట్టుకోలేదు. అతని భుజాలు వంగడం ఎడిత్ అప్పుడే చూసింది. నాలుగురోజుల నిందకు వంగని భుజాలు అవి. ఆమెకు మెట్కాఫ్ మీద కోపం వచ్చింది. వెంటనే, ఆయన నిన్నటినుంచి మోస్తున్నది ఈ క్షణాన్నే అని తెలిసింది.

"మెట్కాఫ్ గారూ," అన్నాడు సార్జెంట్. "మా అమ్మాయి డబ్బిచ్చి మిమ్మల్ని పిలిచింది. మీ పని మీరు చేశారు. తప్పుపట్టను."

"ఇంకో దారి ఉంటే..." మెట్కాఫ్ ఆగిపోయాడు.

"వీళ్లందరూ నన్ను దొంగ అన్నారు సార్. ఆ నాలుగు రాత్రులూ నాకు హాయిగా నిద్రపట్టింది. నేను దొంగని కానని నాకు తెలుసు కదా." ఆయన తల ఎత్తి డిటెక్టివ్ ముఖంలోకి సూటిగా చూశాడు. "నలభై ఏళ్లు దొంగ జెండాకి కావలి ఉన్నానని తెలిసింది. ఈ రాత్రికి నిద్ర ఎలా పడుతుందో చెప్పండి."

మెట్కాఫ్ కుర్చీ లాగి సార్జెంట్ పక్కన వేశాడు. ముసలాయన, చాలాసేపటికి, కూర్చున్నాడు.