ఐదు గంటల పిలుపు

"తిరిగి ఇచ్చేస్తావుగా?" అని నత్త మూడోసారి అడిగింది.

"ఇస్తానన్నాగా! పది లెక్కపెట్టేలోగా నీ చేతిలో పెడతా. కానివ్వు, గంట కొట్టేస్తారు," అంది పిడుగు.

మధ్యాహ్నం విరామం. ఇద్దరూ బడి మెట్ల కింద, విరిగిన బెంచీలు పడేసిన చోట నక్కి కూర్చున్నారు. బడికి గేమ్ తెచ్చారని టీచరుకి తెలిస్తే వీపు విమానం మోత మోగుతుంది. అయినా ఇద్దరి ఒళ్ళోనూ గేములు వెలుగుతున్నాయి.

పిడుగు అసలు పేరు హాజరు పిలిచేటప్పుడు తప్ప ఎక్కడా వినపడదు. ఏ పనైనా అంత వేగం ఆమెది. ఇక నత్త సంగతి చెప్పక్కర్లేదు. నత్త ఒక మాట మొదలుపెట్టి ముగించేలోగా పిడుగు వెళ్ళి నీళ్ళు తాగి, దారిలో ఒకరితో గొడవ పెట్టుకుని, తిరిగి వచ్చెయ్యగలదు.

వాళ్ళు ఆడే ఆట పేరు మిణుకు లోయ. లోయంతా తిరిగి మిణుకులనే వింత జీవుల్ని పట్టుకుని లాంతర్లలో దాచుకోవాలి. లోయని చీకటి చేసిన రాజుని ఓడిస్తే కథ అయిపోతుంది. పిడుగు ఆ రాజుని పదకొండు రోజుల్లో మట్టికరిపించింది. తెర మీద ఏం రాసి ఉన్నా చదవకుండా "సరే", "సరే" అని నొక్కుకుంటూ పోవడమే ఆమె రహస్యం. నత్త ఏడాదిగా ఆడుతున్నా ఆ రాజు ముఖం కూడా చూడలేదు. తన మిణుకు బూడిదపిల్లని వెంటబెట్టుకుని నది ఒడ్డున అటూ ఇటూ తిరుగుతుంది, అంతే.

కథ అయిపోయాక చెయ్యాల్సిన పని ఒకటుంది. నూట ఇరవై మిణుకులూ ఒకేసారి మన లాంతర్లలో ఉంటే, ఆటలో ఉండే లాంతర్ల అవ్వ రహస్య ద్వారం తెరుస్తుంది. పిడుగు దగ్గర నూట పంతొమ్మిది ఉన్నాయి. లేనిది పొగచెవి ఒక్కటే. బూడిదపిల్ల ఒకరి చేతిలోంచి ఇంకొకరి చేతిలోకి వెళితేనే పొగచెవిగా మారుతుంది. పిల్లలు దాన్ని "చెయ్యి మార్చడం" అంటారు. రూపం మారగానే, పది లెక్కపెట్టేలోగా తిరిగి ఇచ్చెయ్యాలి. ఇది బడిలో ఎవరూ తప్పని నియమం.

నత్త బటన్ నొక్కింది. రెండు తెరలూ ఒక్కసారి నల్లబడ్డాయి. పిడుగు తెర మీద చిన్న బూడిదపిల్ల గిర్రున తిరిగి, పొడవాటి పొగ చెవులతో నిలబడింది.

"ఒకటి... రెండు..." అని నత్త లెక్క మొదలుపెట్టింది.

టంగ్ మని గంట కొట్టారు. నత్త అప్పటికి మూడు దగ్గరే ఉంది.

"రేపిస్తాలే!" అంటూ పిడుగు గేమ్ సంచిలో కుక్కుకుని పరుగుతీసింది.

ఆ సాయంత్రం ఐదున్నరకి పిడుగు లాంతర్ల అవ్వ ముందు నిలబడింది. "నూట ఇరవై!" అని అవ్వ తల ఊపింది. "మూడు రోజులు ఒక్కటీ పోకుండా చూసుకో. గురువారం ఇదే వేళకి ద్వారం తెరుస్తాను."

మూడు రోజులా! మరి నత్త? పిడుగు మనసులో ఏదో గుచ్చుకుంది. కానీ మూడు రోజులేగా, మిణుకు ఎక్కడికీ పోదుగా అని తనకి తనే సర్దిచెప్పుకుంది.

మంగళవారం బడిలో నత్త ఆమె బెంచీ దగ్గరికి వచ్చింది.

"తెచ్చావా?"

"అయ్యో, చార్జింగ్ లేదే. ఇంట్లో పెట్టేశా." పచ్చి అబద్ధం. గేమ్ ఆమె సంచిలోనే ఉంది.

"అది కాదు... అందులో... మా..."

"రేపు, రేపు!" అని పిడుగు తుర్రుమంది.

ఆ సాయంత్రం అమ్మ ముందు గదిలో బట్టలు కుడుతోంది. వాళ్ళమ్మ టైలరు. ముందు గది దుకాణం, వెనక గది ఇల్లు. పిడుగు వెనక గదిలో మంచం మీద బోర్లా పడుకుని గేమ్ తెరిచింది.

రాజు ఓడిపోయాక లోయలో సంగీతం ఆగిపోయింది. పిడుగు ఇన్నాళ్ళూ దాన్ని గమనించలేదు. వీధులు ఖాళీగా ఉన్నాయి. ఎవరిని పలకరించినా అదే మాట: "లోయకి వెలుగొచ్చింది. ఇంక ఏ భయమూ లేదు." ఆ తరువాత కదలకుండా నిలబడి చూస్తుంటారు. భయం లేదని అన్నిసార్లు విన్నాక పిడుగుకి నిజంగానే భయం వేసింది.

ఆటలో వెనక్కి తిరిగి చూసింది. వెంట రావాల్సిన పొగచెవి లేదు.

వెతికితే నది ఒడ్డున కనిపించింది. నీళ్ళ వైపు చూస్తూ, ఆమెకి వీపు పెట్టి కూర్చుని ఉంది. పిలిచే బటన్ నొక్కింది. కదల్లేదు. మళ్ళీ నొక్కింది. పొడవాటి చెవులు రెండూ నిక్కబొడుచుకున్నాయి గానీ తల తిరగలేదు. అది ఇంకెవరి కోసమో చెవులు రిక్కించింది.

సరిగ్గా ఐదు అయ్యింది.

గేమ్‌లోంచి టిక్ టిక్ టిక్ మని చప్పుడు మొదలైంది. ఒకటి కాదు, వందల టిక్కులు, ఒకదాని మీద ఒకటి. తరువాత ఎవరో దగ్గారు. ముసలి దగ్గు. ఆ వెంటనే, చెవిలో చెప్పినట్టు, ఒక గొంతు వినపడింది.

"ఏమ్మా... ఐదయింది. ఇంక ఇంటికి రా."

పొగచెవి మెల్లగా తల తిప్పింది. నేరుగా తెరలోంచి పిడుగు వైపే చూసింది.

పిడుగు గేమ్‌ని మంచం మీద విసిరేసి గోడకి అతుక్కుపోయింది. ఈ ఆటలో మనుషులు మాట్లాడరు! అన్నీ రాతలే, కీచుమనే చప్పుళ్ళే. మరి ఆ ముసలాయన ఎవరు? ఎవర్ని ఇంటికి రమ్మంటున్నాడు?

"ఏమైందే?" అని అమ్మ ముందు గదిలోంచి కేకేసింది.

"ఏం లేదు!" అంది పిడుగు. నిజం చెబితే మిణుకు సంగతి కూడా చెప్పాల్సి వస్తుంది మరి.

బుధవారం నత్త ఏమీ అడగలేదు. దూరంగా నిలబడి చూసింది. చూసి, వెళ్ళిపోయింది. అడిగి ఉంటే పిడుగు ఇంకో అబద్ధం చెప్పి ఊపిరి పీల్చుకునేది. అడక్కపోవడంతో రోజంతా నత్త బెంచీ వైపు చూడకుండా తప్పించుకు తిరిగింది.

ఆ సాయంత్రం ఐదుకి ముందే గేమ్ సౌండు పూర్తిగా తీసేసింది. ఇంక ఎలా మాట్లాడతావో చూస్తా అనుకుంది. ఐదు అయ్యింది. చప్పుడు లేదు. కానీ నది ఒడ్డున కూర్చున్న పొగచెవి చెవులు లేచాయి. లేచి నిలబడింది. ఆమె ఏ బటనూ నొక్కకుండానే నడక మొదలుపెట్టింది. ఖాళీ వీధుల్లో, ఖాళీ ఇళ్ళ ముందు నుంచి నడిచి, ఒక మూసిన తలుపు దగ్గర ఆగింది. ముందు కాలితో తలుపుని గీరింది. లోపల ఎవరూ లేరు. గీరుతూనే ఉంది.

పిడుగు దుప్పటి ముసుగు తన్నింది. వేసవి ఉక్కలో ఆ ముసుగు ఏంటని అమ్మ తిట్టినా తియ్యలేదు.

గురువారం. ఇంకొక్క సాయంత్రం ఓర్చుకుంటే ద్వారం తెరుచుకుంటుంది. కానీ ఐదున్నర కంటే ముందు ఐదు వస్తుందిగా! ఆ గొంతు మళ్ళీ వినడం ఆమె వల్ల కాదు. ఐదుకి ఇరవై నిమిషాలుందనగా, ధైర్యం కోసం అమ్మ పక్కనే నేల మీద కూర్చుని, సౌండు మళ్ళీ పెట్టి, పొగచెవి పేజీ తెరిచింది. బలం, వయసు, ఇష్టమైన చోటు. అన్నిటికంటే కింద ఇంతవరకు ఆమె ఎప్పుడూ చూడని వరుస ఒకటి ఉంది: "పిలుపు: రోజూ ఐదుకి". దాని పక్కన "చెరిపెయ్యి".

ఇంకేం! మిణుకు ఉంటుంది, గొంతు పోతుంది, ద్వారం తెరుచుకుంటుంది. పిడుగు చెరిపెయ్యి నొక్కింది. తెర మీద ఏదో ప్రశ్న వచ్చింది. అలవాటుగా చదవకుండా "సరే" నొక్కింది.

ఆ ప్రశ్న "చెరిపే ముందు ఒకసారి వింటారా?" అని.

టిక్ టిక్ టిక్... దగ్గు... "ఏమ్మా... ఐదయింది. ఇంక ఇంటికి రా."

కుట్టు మిషను ఆగిపోయింది. అమ్మ కాలు పెడలు మీద అలాగే ఉండిపోయింది.

"ఆ గొంతు నీ గేమ్‌లోకి ఎలా వచ్చింది?" అంది అమ్మ. ఆమె ముఖం పాలిపోయింది.

"నీకు తెలుసా?" అంది పిడుగు.

"తెలియకపోవడమేంటి? పక్క వీధిలో వాచీలు బాగుచేసే తాతగారు. నా దగ్గరే చొక్కాలు కుట్టించుకునేవారు. వెనకాల ఆ టిక్ టిక్ కూడా ఆయన కొట్టుదే." అమ్మ ఒక్క క్షణం ఆగింది. "ఆయన పోయి ఆరు నెలలైందే!"

పిడుగు అమ్మకి ఇంకా దగ్గరగా జరిగింది. ఇంకా మిషను మీద చెయ్యి తియ్యకుండానే అమ్మ మళ్ళీ అంది. "ఆయన మనవరాలు మీ క్లాసేగా. ఆ నెమ్మదిగా మాట్లాడే పిల్ల."

అందులో... మా...

నత్త చెప్పబోయిన మాట ఇప్పటికి పూర్తయ్యింది. అందులో మా తాతయ్య గొంతుంది.

తెర మీద రెండో ప్రశ్న వెలుగుతోంది. పిడుగు ఆ ఆటలో మొట్టమొదటిసారి ఒక వాక్యాన్ని చివరిదాకా చదివింది. "ఈ పిలుపు మళ్ళీ రాదు. చెరిపెయ్యనా?" ఆమె బొటనవేలు "సరే" మీదే ఉంది. దయ్యం సంగతి మర్చిపోయింది. ఇప్పుడు ఆమెకి తన వేలంటే భయం వేసింది. ఆ వేలిని రెండో చేత్తో పట్టుకుని మెల్లగా పక్కకి లాగి, "వద్దు" మీద పెట్టి నొక్కింది.

గోడ గడియారంలో ఐదుకి పది నిమిషాలుంది. ఇప్పుడు ఇచ్చేస్తే లాంతరు ఒకటి ఖాళీ అవుతుంది, ద్వారం తెరుచుకోదు. ఐదున్నర దాకా ఆగితే ద్వారమూ వస్తుంది, మిణుకునీ ఇచ్చెయ్యొచ్చు. నలభై నిమిషాలేగా!

కానీ నత్తకి ఇప్పటికే మూడు ఐదు గంటలు పోయాయి. నాలుగోది పది నిమిషాల్లో వస్తుంది.

"అమ్మా, ఇప్పుడే వస్తా!" చెప్పులు కూడా వేసుకోకుండా పిడుగు పరుగెత్తింది.

పక్క వీధిలో వాచీల కొట్టు షట్టరు దించి ఉంది. దాని ముందు మెట్టు మీద నత్త కూర్చుని ఉంది. చేతిలో గేమ్. తెర మీద ఖాళీ లాంతరు ఒకటి వేలాడుతోంది. అది ఖాళీ అని తెలిసి కూడా నత్త గేమ్‌ని చెవికి ఆనించుకుని ఉంది.

అది చూసి పిడుగుకి ఏడుపొచ్చేసింది. మాట్లాడకుండా పక్కన కూర్చుని, గేమ్‌ని గేమ్ పక్కన పెట్టి, బటన్ నొక్కింది. రెండు తెరలూ నల్లబడ్డాయి. పొగచెవి నత్త తెర మీద నిలబడి, చెవులు విదిలించుకుంది.

టిక్ టిక్ టిక్...

"ఏమ్మా... ఐదయింది. ఇంక ఇంటికి రా."

ఆ చప్పుడు గేమ్‌లోంచి వస్తోందో, షట్టరు వెనక చీకట్లోంచి వస్తోందో చెప్పడం కష్టం. పిడుగు షట్టరుకి కొంచెం ఎడంగా జరిగింది.

"వస్తున్నా తాతయ్యా," అంది నత్త, రోజూ చెప్పే మాటలాగే.

"నేను అబద్ధం చెప్పానే. గేమ్ నా సంచిలోనే ఉంది," అంది పిడుగు. "ఇవాళ ఇంకొంచెముంటే ఆ పిలుపు చెరిపేసేదాన్ని. తప్పైపోయింది."

నత్త గేమ్‌ని మెల్లగా ఒళ్ళోకి దించుకుంది. తరువాత నోరు తెరిచింది. "నాకు... చాలా..." అని ఆగిపోయింది.

వీధిలో ఒక సైకిలు వెళ్ళింది. ఇంకో సైకిలు వెళ్ళింది. పిడుగు కాళ్ళు గోలపెడుతున్నాయి. నోట్లో నాలుగు మాటలు సిద్ధంగా ఉన్నాయి. అన్నిటినీ మింగేసి కూర్చుంది.

"...చాలా కోపం వచ్చింది," అని నత్త పూర్తి చేసింది. "ఇంకా ఉంది. రేపటికి... కొంచెం తగ్గుతుందేమో."

"సరే," అంది పిడుగు. ఈసారి మొత్తం విన్నాకే అంది.

ఇంటికొచ్చేసరికి ఐదున్నర దాటింది. లాంతర్ల అవ్వ తల అడ్డంగా ఊపింది. "ఒక లాంతరు ఖాళీ. ద్వారం తెరవను." పిడుగు అవ్వని దాటుకుని వెళ్ళి, తన మొట్టమొదటి మిణుకు నిప్పుకోడిని బయటికి పిలిచింది. దానికి పేరు కూడా పెట్టలేదు. పిలుపు వరుస ఖాళీగా ఉంది, పక్కన "గొంతు రికార్డు చెయ్యి" అని ఉంది.

"అమ్మా, దీన్ని ఒకసారి పిలుస్తావా?"

అమ్మ గుండుసూదులు పక్కన పెట్టి, గొంతు సవరించుకుని, రేడియోలో చెప్పినట్టు మొదలుపెట్టింది. "ఓ చిట్టి కోడీ, వేళయింది, రావమ్మా రా..."

"అలా కాదమ్మా! నన్ను పిలుస్తావే, అలాగ."

"నిన్ను ఎలా పిలుస్తానే? కుట్టాల్సినవి ఇన్ని పడి ఉంటే నీ గోలొకటి. ఎన్నిసార్లు పిలవాలే పిడుగూ, లోపలికి రా ముందు!"

పిడుగు అప్పటికే రికార్డు బటన్ నొక్కి ఉంచింది. అమ్మ గొంతు, వెనకాల మిషను చప్పుడు, అన్నీ అందులోకి ఎక్కాయి.

"దాచనా?" అని తెర అడిగింది. పిడుగు ఆ మాటని రెండుసార్లు చదివి, నెమ్మదిగా నొక్కింది.