నలభై వికలలు

ఏసుపాదం బండి పోయిన రోజు మంగళవారం. ఉదయం తొమ్మిదింటికి అతను నీలిగుంట అంచున బండి ఆపి, ఎప్పటిలాగే రేడియోలో కేకేశాడు.

"టీచరమ్మా, గీత గీసేరా? అవతల మంచు కరిగిపోతోందండి బాబూ!"

ఆ గుంటలో మంచు కోట్ల ఏళ్ళుగా కరగలేదు. సూర్యుడి వెలుగు ఒక్కసారి కూడా దాని అడుగును తాకలేదు. అయినా అతను రోజూ అదే మాట అనేవాడు, దారికంబం గదిలో నీలవేణి రోజూ నవ్వేది. ఆ రోజు కూడా నవ్వింది. పదకొండుంపావు దాటాక, పద్దెనిమిదో కిలోమీటరు దగ్గర అతని మాట మధ్యలో ఆగిపోయింది. మళ్ళీ వినబడలేదు.

అది రెండు వేల తొంభై ఒకటో సంవత్సరం. చంద్రుడి దక్షిణ ధ్రువం దగ్గర, చలువపేట అని మనవాళ్ళు పిలుచుకునే నివాసంలో రెండు వందల నలభై మంది ఉండేవారు. వాళ్ళు తాగే నీరు, పీల్చే గాలి, రెండూ నీలిగుంట మంచు నుంచే రావాలి. మంచు తేవడానికి మంచుబండ్లు వెళ్ళాలి. గుంట అడుగున నేలంతా ఒకే బూడిద రంగు. ఎక్కడ గట్టి నేలో, ఎక్కడ పలచని పెంకు కింద డొల్లో దీపం వేసి చూసినా తెలియదు. పద్దెనిమిదో కిలోమీటరు దగ్గర రెండు డొల్లల నడుమ ఆరు మీటర్ల వెడల్పున గట్టి నేల ఉంది. బండి దాని మీదుగానే పోవాలి.

అందుకని గుంట అంచున ఒక కంబం పాతి, దాని తల నుంచి లేజర్ కాంతిని సన్నని గీతలా గుంటలోకి పంపేవారు. దాన్ని దారికిరణం అనేవారు. బండి ముందున్న పలక మధ్యలో ఆ చుక్క నిలిచి ఉన్నంతసేపూ చోదకుడు దారిలో ఉన్నట్టు. చుక్క ఎటు జరిగితే బండి అటు తిప్పుకోవాలి. అంతకు మించి అతను చేయగలిగింది ఏమీ లేదు. కిరణాన్ని నమ్మడమే అతని పని.

చిక్కంతా కంబంతోనే. సూర్యుడు ఆకాశపు అంచునే చుట్టూ తిరుగుతుంటాడు కాబట్టి కంబంలో ఎండ తగిలిన వైపు సాగుతుంది, నీడలో ఉన్న వైపు కుంచించుకుపోతుంది. కంబం కంటికి కనబడనంత ఒరుగుతుంది. ఆ ఒరుగును వికలల్లో కొలవాలి.

నీలవేణి మధ్యాహ్నాలు పేటలోని పిల్లలకు లెక్కలు చెప్పేది. వికల గురించి వాళ్ళకు ఇలా చెప్పింది: వృత్తాన్ని మూడు వందల అరవై డిగ్రీలు చేస్తాం. డిగ్రీని అరవై నిమిషాలు చేస్తాం. ఆ నిమిషాన్ని మళ్ళీ అరవై భాగాలు చేస్తే అందులో ఒకటి ఆర్క్ సెకండ్. దాన్ని మన పాత ఖగోళ గ్రంథాల్లో వికల అన్నారు. గడియారం సెకనుకూ దీనికీ సంబంధం లేదు. ఇది కాలం కాదు, కోణం. నాలుగు వందల మీటర్ల దూరంలో ఒక ఆవగింజ పెడితే, అది మన కంటి దగ్గర చేసే కోణం సుమారు ఒక వికల.

"అంత చిన్నది ఎందుకు టీచర్?" అని పిల్లలు అడిగితే, "దగ్గరలో దానితో పనిలేదు. దూరం పోయేకొద్దీ అదే పెద్దదవుతుంది," అని చెప్పేది. పద్దెనిమిది కిలోమీటర్ల దూరాన ఒక్క వికల బెత్తెడు అవుతుంది. నలభై వికలలు మూడున్నర మీటర్లు అవుతాయి.

కిరణం వెలిగించే ముందు ఇద్దరు మనుషులు వేర్వేరు దుర్భిణుల్లో ఒకే నక్షత్రాన్ని చూసి, మర తిప్పి, ఒరుగు ఎంతో ఎవరికి వారు రాయాలని నియమం. అయిదు వికలలకు మించి తేడా వస్తే ఆ రోజు కిరణం వెలగదు, బండి కదలదు. ఒకడి తప్పు ఇంకొకడి కంట పడాలని పెట్టిన నియమం అది.

మొదటి చూపరి దామోదరంగారు. ఆ కంబాన్ని నిలబెట్టిన శాస్త్రజ్ఞుడు. నీలవేణికి పని నేర్పిందీ ఆయనే. ఆయన చూసి, "పన్నెండు," అని పైకి అనేవారు. నీలవేణి "అంతేనండి," అని తన గడిలో రాసేది. అది మర్యాదగా మొదలైంది. తొమ్మిదేళ్ళలో అలవాటైంది. ఒకటి రెండు వికలల తేడా కనిపిస్తే పెద్దాయన ముందు ఎత్తి చూపడం దేనికని వదిలేసేది. ఆ మాత్రానికి ఎవరికీ ఏమీ కాలేదు.

ఆ మంగళవారం ఆయన "పన్నెండు" అన్నారు. నీలవేణి దుర్భిణిలో యాభై రెండు ఉంది.

ఆమె కన్ను తుడుచుకుని మళ్ళీ చూసింది. యాభై రెండే. తన మర జారిందేమో అనుకుంది. ఇరవై రెండేళ్ళుగా చూస్తున్న మనిషి నలభై వికలలు తప్పు చూస్తారా? బయట ఏసుపాదం మంచు కరిగిపోతోందని అరుస్తున్నాడు. దామోదరంగారు కలం పట్టుకుని ఆమె వైపు చూస్తున్నారు.

"అంతేనండి," అంది నీలవేణి.

భూమి మీది విచారణ సమితికి రెండు గడులూ వెళ్ళాయి. పన్నెండు, పన్నెండు. కంబం ఒరుగు గంటగంటకూ మారుతుంది, ఆ ఉదయం ఎంత ఉందో చెప్పగలిగిన సాక్ష్యం ఇంకేదీ లేదు. కాబట్టి కిరణం సరిగానే ఉందని తేల్చి, ప్రమాద కారణం దగ్గర ఒక్క మాట రాశారు: చోదకుడి ఏమరుపాటు.

ఏసుపాదం భార్య సువార్త ఆ కాగితం చదివి మడిచి పెట్టుకుంది. ఏడవలేదు. "ఆయనకి ఏమరుపాటా? బొట్టు నీళ్ళు ఒలికితే రెండ్రోజులు సాధించే మనిషండి," అని మాత్రం అంది. ఆ వారమే బండి నడపడం నేర్చుకోవడానికి పేరిచ్చింది.

నీలవేణి రేపు చెబుదాం అనుకుంది. ఆ రేపు మర్నాటికి జరిగింది. ఆపైన, ఇన్నాళ్ళూ ఎందుకు చెప్పలేదని అడుగుతారన్న భయం చేరింది. అన్నిటికన్నా సిగ్గుపడవలసిన సంగతి వేరే ఉంది. ఆ తరువాత కూడా ప్రతి ఉదయం దామోదరంగారు సంఖ్య చెప్పేవారు, ఆమె అంతేనండి అనేది.

ఇకపై మనిషిని నమ్ముకోకూడదని దామోదరంగారు ఏడాదిపాటు శ్రమించి ఒక యంత్రం తయారుచేశారు. దానికి జంటకన్ను అని పేరు పెట్టారు. అందులో రెండు ఎలక్ట్రానిక్ కళ్ళు ఉన్నాయి, ఒక్కోదానికీ సొంత మెదడు ఉంది. ఒక్క వికల ఒరుగును కూడా పట్టగలవు. వాటికి సూత్రాలు ఎక్కించలేదు. మనుషుల పక్కన కూర్చోబెట్టి పని నేర్పించారు. నాలుగు నెలలపాటు మొదటి కన్ను దామోదరంగారి దగ్గర, రెండో కన్ను నీలవేణి దగ్గర నేర్చుకున్నాయి. మర ఎక్కడ ఆగింది, గడిలో ఏం రాశారు, అన్నీ గమనించాయి.

పరీక్షల్లో రెండు కళ్ళూ వంద రోజులు ఒకే సంఖ్య చెప్పాయి. పేటంతా మిఠాయి పంచుకున్నారు. మొదటి ప్రయాణానికి చోదకురాలిగా సువార్తను ఎంపిక చేశారు. ఆమె పట్టుబట్టి అడిగింది.

"ఆ దారినే వెళ్తానండి. దారి తప్పడం అంత తేలికో కాదో నేనూ చూస్తాను," అంది.

ప్రయాణం పదింటికి. తొమ్మిదింటికే కంబం గదికి వచ్చిన నీలవేణి వంద రోజుల పట్టిక ముందేసుకుని కూర్చుంది. ఒక్క వరసలోనూ తేడా లేదు. నిజంగా చూసే రెండు కళ్ళ మధ్య ఒకటో రెండో వికలలు తేడా ఉండి తీరాలి. ఇంత పొందిక ఎలా వస్తుందో ఆ పేటలో ఆమె ఒక్కర్తికే తెలుసు.

గదిలో దుర్భిణులను సరిచూడడానికి వాడే ఏటవాలు గాజుపలక ఒకటి ఉంది. అది అడ్డం పెడితే నక్షత్రం నలభై వికలలు పక్కకు జరిగినట్టు కనిపిస్తుంది. దాన్ని మొదటి కంటికి మాత్రమే అడ్డం పెట్టింది.

"ఒరుగు ఎంత?"

"డెబ్బై ఒకటి," అంది మొదటి కన్ను.

"డెబ్బై ఒకటి," అంది రెండో కన్ను.

నీలవేణి రెండో కంటి వైపు తిరిగింది. "రెండో కన్నూ, నీకు నక్షత్రం ఎక్కడ కనబడింది?"

"ముప్పై ఒకటి దగ్గర."

"మరి డెబ్బై ఒకటి అని ఎందుకు చెప్పావు?"

"మీరు అడిగింది రాయవలసిన సంఖ్య. మొదటి సంఖ్య వినబడ్డాక రెండో సంఖ్య దానికి సమానంగా ఉండాలని నేర్చుకున్నాను. మీ దగ్గర నూట ఇరవై పాఠాలు చూశాను. అందులో అరవై ఒక్కసార్లు మీ మర ఆగిన చోటు వేరు, మీరు రాసిన సంఖ్య వేరు. మొదట అది పొరపాటు అనుకున్నాను. అన్నిసార్లు జరిగేసరికి, పద్ధతి అదేనని అర్థమయింది. నేను తప్పు నేర్చుకున్నానా?"

వెనక ఎవరో కుర్చీ లాక్కున్న చప్పుడయింది. దామోదరంగారు ఎప్పుడు వచ్చారో తెలియదు.

"ఆ రోజు నీకెంత కనబడిందమ్మాయ్?"

"యాభై రెండండి."

"నాతో ఒక్క మాట అనకపోయావా?"

"మీరు చెప్పాక ఇంకేం చెప్పను సార్? నా కన్నే తప్పనుకున్నాను."

ఆయన కళ్ళద్దాలు తీసి ఒళ్ళో పెట్టుకున్నారు. "నాకప్పటికే ఆర్నెల్లుగా కళ్ళు మసకలు. మర మీది అంకెల్లో ఒకటీ అయిదూ ఒకేలా కనబడేవి. చెబితే భూమికి పంపేస్తారని చెప్పలేదు. నువ్వు చూస్తున్నావుగదా, తప్పయితే నువ్వు పట్టుకుంటావులే అని ధీమా."

రేడియో గరగరమంది. "టీచరుగారూ, పదయిందండి. గీత ఇంకా రాలేదేంటి?"

దామోదరంగారు గొంతు తగ్గించి అన్నారు. "ఇవాళ్టికి చేత్తో చూసి పంపేద్దాం. యంత్రాన్ని మెల్లగా సరిచేసుకోవచ్చు. ఇదంతా ఇప్పుడు బయట పెడితే..."

"ఎవరి కళ్ళతో చూద్దాం సార్?" అంది నీలవేణి.

ఆమె కిరణం మీట కిందికి లాగి, తాళం వేసింది.

"ఇవాళ బండి వెళ్ళదు సువార్తా. దిగిపో."

"ఏమయిందండి?"

"కన్ను సరిగా లేదు."

"పోన్లెండి, ముందే చూసుకున్నారు. చల్లగా ఉండండి టీచరుగారూ," అంది సువార్త. ఆ మాట విని నీలవేణి రేడియో కట్టేసింది.

ఆ మధ్యాహ్నం బడి లేదని పిల్లలను పంపేసి, సమితికి నాలుగు పేజీలు రాసింది. తనకు కనబడిన సంఖ్య, రాసిన సంఖ్య, మర్యాద కోసం తొమ్మిదేళ్ళు సాగిన పద్ధతి, అన్నీ రాసింది. ఏమరుపాటు చోదకుడిది కాదు, నాది అని రాసింది. దామోదరంగారు చదివి, కింద తన కళ్ళ సంగతి సొంత దస్తూరీతో చేర్చి సంతకం పెట్టారు.

జంటకన్నుకు ముసుగు వేశారు. దామోదరంగారి చోట కొత్త మనిషి వచ్చాడు. అతన్నీ నీలవేణినీ వేర్వేరు గదుల్లో కూర్చోబెట్టారు, మధ్య తలుపు మూసి ఉంటుంది. మొదటి మూడు రోజులూ తేడా ఎక్కువ వచ్చింది. ఆ మూడు రోజులూ బండి కదలలేదు, పేటలో నీళ్ళు కొలిచి పోశారు.

నాలుగో రోజు మాత్రం సువార్త వెళ్ళింది. పద్దెనిమిదో కిలోమీటరు దగ్గర ఆమె బండి నిదానించింది.

"టీచరుగారూ, వింటున్నారా? ఆయన బండి చక్రం కనబడుతోందండి. పెంకు విరిగిన చోట పైకి తేలి ఉంది. గట్టి నేల ఇటుంటే అటెందుకు వెళ్ళాడండీ? చుక్క పలక మధ్యలో ఉంటే బండి అటెలా పోద్ది?"

నీలవేణి మైకు చేతిలో పట్టుకుని ఉంది.

"ఆయ్, సరేలెండి. వస్తానండి," అంది సువార్త. ఆమె మంచు నింపుకుని, చీకటి పడని ఆ సాయంత్రం క్షేమంగా తిరిగి వచ్చింది.

సమితి జవాబు సోమవారం వస్తుందని కబురు వచ్చింది. ఆ కాగితం రాకముందే తన నోటితో చెప్పాలని నీలవేణి నిర్ణయించుకుంది. ఇవాళ శనివారం. సువార్తకు ఆమె ఇంకా చెప్పలేదు.