ఆరని మంకీ క్యాప్

సింగపూర్‌లో అన్నీ టైముకి జరుగుతాయి, బట్టలు ఆరడం తప్ప. బుకిట్ బటోక్‌లో పదకొండో అంతస్తు ఫ్లాట్‌లో తారాదేవి కిటికీ బయట కర్రకి బట్టలు తగిలించడం, వాన మొదలవడం ఎప్పుడూ ఒకేసారి. ఆ ఆదివారం పొద్దున కూడా దాని గురించే గొణుగుతోంది. కూతురు నిఖిల ఉతకమని పంపిన ఎర్ర ఉన్ని మంకీ క్యాప్ మూడు రోజులైనా ఆరలేదు.

మంచు పడని ఊళ్లో మంకీ క్యాప్ ఎందుకని అడక్కండి. నిఖిల క్లెమెంటిలో గది తీసుకుని, ప్రకృతి మీద డాక్యుమెంటరీలు తీసే చిన్న కంపెనీలో చేస్తోంది. ఏసీ గదిలో కూర్చుని ఎడిటింగ్ చేస్తానని ఇంట్లో చెప్పింది. ఏసీకి చెవులు పట్టేస్తాయని తల్లే ఆ టోపీ అల్లింది. ఎర్ర ఉన్ని అయిపోతే ఒక చెవి పచ్చది పెట్టింది. తండ్రి గురునాథం ఇంట్లో ఏసీ ఇరవై ఆరు కంటే కిందికి దించనివ్వడు. అలాంటి ఇల్లు.

ఆ రోజే కంపెనీ సినిమా ఓటీటీలో విడుదల, చూడ్డానికి నిఖిల కూడా ఇంటికొచ్చింది. జపాన్ మంచుకొండల్లో స్కీయింగ్ చేసేవాళ్ల గురించి, అక్కడి నక్కల గురించి. గురునాథం వాట్సాప్ గ్రూపులన్నిటికీ లింకు పంపి సోఫా మధ్యలో కూర్చున్నాడు. తువాస్ నుంచి ఆదివారాలు పెసరట్టు కోసం వచ్చే తారాదేవి తమ్ముడు గోపీకృష్ణ ప్లేటు పట్టుకుని ఓ చివర ఒదిగాడు. ఆఖరి పది నిమిషాలు బోరు, ఆపేద్దామంది నిఖిల. నెలనెలా కడుతున్నాం, పేర్లు పడేదాకా చూడాల్సిందేనన్నాడు తండ్రి.

ఆఖర్న సినిమా ఎలా తీశారో చూపించారు. ఎవరో కెమెరా భుజాన పెట్టుకుని, వెనక్కి తిరిగి కొండ మీంచి జారుతున్నారు. జారి, దొర్లి, మంచులో మాయమయ్యారు. ఎవరి బిడ్డో పాపం అంది తారాదేవి. నలుగురు తవ్వి బయటికి లాగి హెల్మెట్ తీశారు. కింద ఎర్ర మంకీ క్యాప్. ఒక చెవి పచ్చది.

తారాదేవి టీవీ చూసింది. కిటికీ బయట కర్ర చూసింది. మళ్లీ టీవీ చూసింది.

గురునాథం ఫోనులో కంగ్రాట్స్ మీద కంగ్రాట్స్.

"చిన్న ఫాల్ లా, అమ్మా," అంది నిఖిల, సింగపూర్ వాళ్లలా చివర 'లా' తగిలించి. ఎలాగూ తెలిసిపోయింది కదాని, డిసెంబర్లో మళ్లీ వెళ్లాలని, ఈసారి డైరెక్షన్ తనదేనని కూడా చెప్పేసింది. వీల్లేదన్నాడు గురునాథం.

"ముందే నాతో చెప్తే ఏమయ్యేదే?" అంది తారాదేవి.

"వద్దనేదానివి."

"అనేదాన్నే. నీకేమైనా అయితే ఆ కబురు నాకెవరు చెప్తారు? వాట్సాప్ గ్రూపా?"

నిఖిల కళ్లు నిండాయి. "మంచు కింద అంతా చీకటమ్మా. టోపీలో నీ కొబ్బరినూనె వాసనొచ్చింది. తవ్వేదాకా అదే పీలుస్తూ ఉన్నా."

తారాదేవి లేచి, తడి టోపీ తెచ్చి ఒళ్లో పెట్టుకుంది. చాలాసేపు పచ్చ చెవి నిమిరింది.

"డిసెంబర్‌కి ఇంకోటి మందంగా అల్లుతా. ఏదైనా అయితే ఫోన్ చెయ్యమని ఓ నంబరు రాయించుకుంటారుగా, ఈసారి నాది రాయి."

"రెండోది నాది," అన్నాడు గురునాథం, టీవీ వైపే చూస్తూ.

"అవునూ, కిందటిసారి ఎవరిది రాశావు?" అంది తారాదేవి.

నిఖిల సోఫా చివరి వైపు చూసింది. ఆ గోపీకృష్ణను నేనే. ఆ రోజు జపాన్ నుంచి ఫోనొచ్చింది నాకే. ఫోనొచ్చిన ఆ వారం ఆదివారం కూడా ఇక్కడికొచ్చి, నోరెత్తకుండా రెండు పెసరట్లు తిని వెళ్లాను.

అక్క వంటింట్లోంచి అట్లకాడ తెచ్చి, కింద పెట్టకుండా నావైపే చూస్తోంది. ప్లేట్లో ఇంకా సగం అట్టుంది. చదువుతున్న అయ్యా, అమ్మా, మీ కాళ్లు పట్టుకుంటా, మీరే చెప్పండి. తిని చెప్పనా, చెప్పి తిననా?