ధాన్యం అంచున పెట్టిన రాళ్ళు

అద్దంలో మళ్ళీ అదే వ్యాన్!

అప్పలరాజు యాక్సిలరేటర్ చివరికంటా తిప్పుతాడు. ముసలి మోపెడ్ దగ్గుతుందే తప్ప వేగం పెరగదు.

పొద్దున్న తొమ్మిదిన్నర. కాలవగట్టు రోడ్డు. ఒక పక్క నీళ్ళు, ఇంకో పక్క కొబ్బరితోటల కంచె. దిగి పరిగెత్తడానికి కూడా దారి లేదు...

పదిన్నరకి అమలాపురం కోర్టులో అతను సాక్ష్యం చెప్పాలి.

పారిపోతున్నది దానికి ఎదురుదిక్కున, కొత్తపేట వైపు!

వెనక వ్యాన్ నడుపుతున్నవాడు కిషోర్. పోయిన వేసవిలో ఇదే వ్యాన్ కింద పడి కాశీవిశ్వనాథం మేష్టారు చనిపోయారు. భార్య అమృతవల్లి నష్టపరిహారం కేసు వేసింది. డ్రైవర్ నిర్లక్ష్యం రుజువైతేనే ఇన్సూరెన్స్ వాళ్ళు డబ్బిస్తారు. చూసిన సాక్షి ఒక్కడే.

అప్పలరాజు.

వ్యాన్ మహా స్పీడుగా వచ్చిందని పోలీసులకి చెప్పాడు. సంతకం పెట్టాడు.

చెప్పనిది వేరే ఉంది.

ఆ రోజు సగం రోడ్డు మీద అతని రెండో పంట, దాళ్వా ధాన్యం ఆరుతోంది. బళ్ళు తొక్కకుండా అంచున బండరాళ్ళు పేర్చాడు. ఊళ్ళో అందరూ చేసేదే. నెమ్మదిగా వస్తున్న వ్యాన్ ఆ రాళ్ళని తప్పించబోయి పక్కకి కట్ కొట్టింది. ఎదురుగా మేష్టారి బండి...

జనం పోగయ్యేలోపు అప్పలరాజు ఏం చేశాడు? మేష్టారి తల ఒళ్ళోకి తీసుకున్నాడా?

లేదు. రాళ్ళు కాలవలోకి దొర్లించాడు!

ఛీ... అది గుర్తొస్తే ఆ చేతులతో అన్నం తినబుద్ధి కాదు. ఇప్పుడు అమృతవల్లి ఎదుట నిలబడి ప్రమాణం చెయ్యాలట. అతనివల్ల కాదు.

హారన్! వ్యాన్ పక్కకొస్తుంది... దాటుతుంది... అడ్డంగా ఆగుతుంది!

మోపెడ్ జారిపోతుంది. అప్పలరాజు మోకాళ్ళ మీద పడతాడు. వ్యాన్ తలుపు తెరుచుకుంటుంది. అయిపోయింది...

కిషోర్ దిగి, వంగి, మోపెడ్‌ని లేపి స్టాండ్ వేస్తాడు.

"ఎక్కండి బాబాయ్ గారూ. కోర్టుకి టైమైపోతోంది."

అప్పలరాజుకి ఏమీ అర్థం కాదు. ఆ రాళ్ళు తనవేనని, తప్పంతా తనదేనని గబగబా చెప్పేస్తాడు.

"తెలుసండి. మీరు కాలవలోకి తొయ్యడం చూసేను."

"మరి ఎవరికీ చెప్పలేదేం?"

"చెప్తే నా తప్పు కాదంటారండి. అప్పుడు మేష్టారి ఇంటావిడకి రూపాయి రాదు. ఇద్దరు ఆడపిల్లలు. నా బండి కిందే కదండీ పోయేరు."

నీ మీద కేసో, నీ లైసెన్సో అని అప్పలరాజు అంటే, అవి తర్వాత చూసుకుందాం లెండి అంటాడు కిషోర్.

కుర్రాడికి పాతికేళ్ళు కూడా ఉండవు. అప్పలరాజు అతని పక్క సీట్లో కూర్చోలేకపోతాడు. వెనక కొబ్బరికాయల మీదకి ఎక్కుతాడు.

కోర్టు. బోను. ప్రమాణం.

ఇన్సూరెన్స్ లాయరు లేస్తాడు. రోడ్డు మీద అడ్డుగా ఏమైనా ఉందా అని అడుగుతాడు.

కిషోర్ నేల చూస్తున్నాడు. అమృతవల్లి మాత్రం రెప్ప వేయకుండా అప్పలరాజునే చూస్తోంది. నిజం చెబితే ఆవిడ పిల్లల నోటి దగ్గర కూడు లాగేసినట్టే. అబద్ధం చెబితే ఈ కుర్రాడు జైలుకి...

"లేదండి. రోడ్డు ఖాళీగానే ఉంది."

లాయరు కూర్చుంటాడు. అంతే! ఇంత సులువా?

వరండాలో అమృతవల్లి ఎదురొస్తుంది. అప్పలరాజు తలొంచుకుని తప్పుకోబోతాడు.

"మేష్టారు పోయేముందు వారం రోజులు అన్నారండి అన్నయ్య గారూ. రోడ్డు మీద ఆ రాళ్ళు ప్రమాదం, అప్పలరాజు గారికి చెప్పాలి అని. పెద్దవారు, ఏమనుకుంటారోనని మొహమాటపడిపోయేరు."

అప్పలరాజు తలెత్తుతాడు.

"మీకు... ముందే తెలుసా అమ్మా?"

"ఆయ్. పిల్లల కోసం నోరు మూసుకున్నానండి."

ఆవిడ అతన్ని దాటుకుని వెళ్ళి కిషోర్ ముందు నిలబడుతుంది. రెండు చేతులూ జోడిస్తుంది.

"నన్ను క్షమించు నాయనా."

ఆ మాట అడగాల్సింది తను. దారి పొడుగునా వ్యాన్‌లో కూర్చుని కూడా అప్పలరాజు అడగలేదు.