ఆలస్యానికి కారణం

సీతారావమ్మ ఉదయాన్నే వంటింటి గుమ్మం దగ్గర పీట వేసుకుని గోంగూర గిల్లుతోంది. టేబుల్ మీద చేసుకోండి అత్తయ్యా అని కోడలు వినీల ఎన్నిసార్లు చెప్పినా, ఆవిడకి నేల మీద కూర్చుంటేనే పని సాగుతుంది. కొడుకు హర్షవర్ధన్ వచ్చి ఆకుల పక్కనే కాగితాలు పెట్టి, పెన్ను అందించాడు.

"ఇక్కడ సంతకం పెట్టమ్మా. కోర్టు టైముకల్లా లాయరు గారికి ఇచ్చెయ్యాలి."

ఆవిడ చేతులు తుడుచుకుని, కళ్ళజోడు పెట్టుకుని చదవడం మొదలుపెట్టింది. చదవకుండా సంతకం పెట్టే మనిషైతే ఇంత కథ ఉండేది కాదు.

"నాకు పచ్చకామెర్లు ఎప్పుడొచ్చాయిరా?"

"లాయరు గారు రాశారమ్మా. ఆలస్యానికి ఏదో ఒక కారణం చెప్పాలిగా!"

"అయితే నాకు రాని రోగం తెప్పిస్తాడా?"

వినీల నవ్వబోయి, భర్త ముఖం చూసి మానేసింది. నవ్వే సంగతి కాదది. కంకిపాడు దగ్గరున్న రెండెకరాల మాగాణి ఆ సంతకం మీదే ఉంది. సీతారావమ్మ భర్త తన గుండె ఆపరేషనుకి డబ్బు కావలసి, దాన్ని తమ్ముడు బసవపున్నయ్యకి తాకట్టు పెట్టాడు. అన్నదమ్ముల మధ్య తాకట్టు పత్రమేమిటని అమ్మినట్టే రాసిచ్చాడు. డబ్బు తిరిగిస్తే పొలం ఇచ్చెయ్యాలన్నది నోటిమాట. ఆయన పోయాక డబ్బు పట్టుకెళ్తే, "నేను కొనుక్కున్నాను" అన్నాడు తమ్ముడు. కింది కోర్టు కాగితాన్నే నమ్మింది. అప్పీలు గడువు నెలల కిందటే దాటిపోయింది. ఆ ఆలస్యాన్ని కోర్టు మన్నిస్తేనే కేసు బతుకుతుంది.

"నేనీ సంతకం పెట్టను. ప్రమాణం చేసి అబద్ధం చెప్పలేను."

హర్షకి ఒళ్ళు మండిపోయింది. "అప్పుడు లాయరు గారు ఫోన్ల మీద ఫోన్లు చేస్తే చూద్దాం చూద్దాం అన్నావు. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు ఇప్పుడు పరిగెత్తుతున్నాం. ఆ ఆకులు కూడా వద్దంటావా? మైలవరంలో పెద్దమ్మ దగ్గర కూర్చుని నాన్న పొలం పోగొట్టావమ్మా!"

ఆ మాట సీతారావమ్మకి గట్టిగానే తగిలింది. కొంగుతో కళ్ళొత్తుకుంది.

"నేను మైలవరం వెళ్ళలేదురా. మీ పిన్ని దగ్గరున్నాను."

"ఎవరూ? బాబాయి భార్యా?"

"ఛాయాదేవే. కేన్సరని తెలిసి చూడ్డానికి వెళ్ళాను. ఆడమనిషికి ఒళ్ళు తుడవాలన్నా, బట్ట మార్చాలన్నా ఆడమనిషే కావాలి. దానికి కూతుళ్ళా, కోడళ్ళా? ఉండిపో అక్కా అంది, ఉండిపోయాను. నీకు చెబితే వెళ్ళనివ్వవని మైలవరం అన్నాను. అది అబద్ధమే, నీ దగ్గర ఒప్పుకుంటున్నాను."

"మరి అప్పీలు?"

"వేస్తే నోటీసు వచ్చేది ఆ ఇంటికేగా? ఒక చేత్తో దానికి గంజి తాగిస్తూ, ఇంకో చేత్తో కోర్టు నోటీసు పంపించమంటావా? అది పోయేదాకా ఆగాను. నా వల్ల పొలం పోతే పోనీ, తిట్టు. పడతాను."

పిన్ని పోయిందని తెలిసినా పెద్దకర్మకి వెళ్ళలేదు హర్ష. పైగా వాళ్ళకి అలాగే కావాలని అనుకున్నాడు కూడా. పొలం లాక్కున్న వాళ్ళింట్లోనే తన తల్లి ఆ చావుబతుకుల మనిషికి ఒళ్ళు తుడిచింది! ఇన్నేళ్ళూ పక్కనే ఉన్న తల్లిని మొదటిసారి చూస్తున్నట్టు అలా చూస్తుండిపోయాడు.

కాగితం మళ్ళీ రాయించారు. "ఇది జడ్జిగారు నమ్ముతారో లేదో, దేవుడి మీద భారం వెయ్యండి" అన్నాడు లాయరు. ఈసారి సీతారావమ్మ ఒక్క అక్షరం మార్చమనకుండా సంతకం పెట్టింది.

వాయిదాకి ముందు ఆదివారం కాలింగ్ బెల్ మోగింది. హర్ష తలుపు తీస్తే ఎదురుగా బసవపున్నయ్య. మనిషి సగమైపోయాడు. చేతిలో సీతారావమ్మ సంతకం పెట్టిన అఫిడవిట్ కాపీ ఉంది.

"రా బాబాయ్" అన్న మాట హర్షకి తెలియకుండానే వచ్చేసింది.

బసవపున్నయ్య కూర్చోలేదు. నేరుగా వదినగారి ముందుకెళ్ళి నిలబడ్డాడు.

"ఇదంతా అబద్ధమని కౌంటర్ వెయ్యాలంట వదినా. నువ్వసలు మా గడపే తొక్కలేదని రాసి, సంతకం పెట్టమన్నాడు మా లాయరు. పెన్ను పట్టుకున్నాను. ఛాయ ఆఖరి గుక్క నీళ్ళు నీ చేతి మీదుగానే తాగింది. లేదని ఏ చేత్తో రాయను?"

"కూర్చో ముందు" అంది సీతారావమ్మ.

"కూర్చోను. చెప్పి వెళ్ళిపోతాను." ఆయన కండువాతో ముఖం తుడుచుకున్నాడు. "పొలం విడిపించుకో వదినా."

కేసు నడిచినన్నాళ్ళూ ఆయన నోటి నుంచి రాని మాట అది. అమ్మేసిన పొలాన్ని ఎవరూ విడిపించుకోరు, తాకట్టు పెట్టినదాన్నే విడిపించుకుంటారు. ఆ ఒక్క మాటతో కోర్టులో గెలిచిన కేసుని ఆయన వదినగారి కాళ్ళ దగ్గర పెట్టేశాడు.

హర్ష ముందుకెళ్ళి బాబాయి చెయ్యి పట్టుకుని, "పిన్ని సంవత్సరీకానికి నేనొస్తాను" అన్నాడు.