హీరో మొహం మీది మురికి

ఆ రోజు ఫేబీకి చాలా పనులున్నాయి. ఆసుపత్రి గేటు ముందు టెంటు వేయించాలి. సుఖ్‌బీర్ ఫోటోకి ఫ్రేము కట్టించాలి. అతని భార్య విమల చేత ఒక్క ముద్దయినా తినిపించాలి. మధ్యాహ్నం డ్యూటీ ఎక్కాలి. ధర్నాకి వచ్చే సినిమా హీరోకి నవ్వుతూ నమస్కారం పెట్టాలి. ఆఖరిది మాత్రం తన వల్ల కాదని తోటి నర్సులకి ముందే చెప్పేసింది.

ఘాజియాబాద్‌లోని ఆ ప్రైవేటు ఆసుపత్రిలో ఆమె నర్సు. సుఖ్‌బీర్ అక్కడే సఫాయి పని చేసేవాడు. ఆమె నేర్పిన ఒకే ఒక్క తెలుగు మాటతో రోజూ "బాగున్నారా సిస్టర్‌జీ" అని పలకరించేవాడు. మేనేజరు దిగమంటే సెప్టిక్ ట్యాంకులోకి దిగాడు. ప్రాణంతో పైకి రాలేదు. అతను మావాడే కాదంది యాజమాన్యం. పోలీసులు 'గుర్తు తెలియని వ్యక్తి' అని రాసుకున్నారు. ఆ మాట విన్నప్పటి నుంచి ఫేబీకి ఒళ్లు మండుతూనే ఉంది.

హీరో కెల్విన్ కారు దిగాడు. ఇలాంటి ధర్నా ఎక్కడ జరిగినా వచ్చి కూర్చుంటాడని అతనికి పేరు. గురుగ్రామ్‌లో షూటింగు మధ్యలోంచి నేరుగా వచ్చేశాడు. సినిమాలో మురుగు కార్మికుడి వేషం. మొహం నిండా, మెడ నిండా రంగు మురికి.

ఆ మొహం చూసి విమల కొంగు నోట్లో కుక్కుకుంది. భర్తని పైకి తీసినప్పుడు అచ్చం అలాగే ఉన్నాడు.

ఫేబీ అతన్ని చెయ్యి పట్టుకుని టెంటు వెనక్కి లాక్కెళ్లింది.

"మీకిది వేషమండీ. ఆవిడకి మొగుడు. కూర్చోండి."

బ్యాగులోంచి స్పిరిటూ దూదీ తీసి కసిగా రుద్దింది. చెంపలు కందిపోయాయి. అతను కళ్లు మూసుకున్నాడే తప్ప వద్దనలేదు.

అంతలో అతని ఫోను మోగింది. అవతల మేకప్‌మ్యాన్ గొంతు ఆమెకీ వినిపించింది. సగం సీను మిగిలే ఉందట, మొహం తడవనివ్వద్దట, మళ్లీ అదే మురికి తేవడం తన వల్ల కాదట.

"పోయింది భయ్యా. మొదటి నుంచి తీద్దామని డైరెక్టర్ గారికి చెప్పు. తిట్లు నేను తింటాను."

ఫేబీ చెయ్యి ఆగింది. "ముందే చెప్పొచ్చుగా."

"చెబితే ఆపేసేవారు. ఈ మొహంతో రాకూడదని నాకే తెలిసుండాల్సింది. ఎడమ చెవి దగ్గర ఇంకా ఉందేమో చూడండి."

ఫేబీకి నవ్వు రాబోయింది. రానివ్వలేదు.

వాన మొదలైంది. విలేకరులు కొత్త సినిమా గురించి అడిగారు. ఏది అడిగినా అతనిది ఒకటే జవాబు: "చనిపోయినాయన పేరు సుఖ్‌బీర్. ఈ ఆసుపత్రివాళ్లు దించితేనే దిగాడు." వేరే ముక్క దొరక్క ఛానెళ్లన్నీ అదే వేశాయి. సాయంత్రానికి పోలీసులు సుఖ్‌బీర్ పేరు రాశారు. నిందితుడిగా మేనేజరు పేరూ రాశారు. విమల ఫోటో ముందు కూర్చుని ఒక ముద్ద తింది.

కారెక్కబోతూ కెల్విన్ వెనక్కి వచ్చాడు. మీ కోపం తగ్గాక ఓసారి అశోకా రోడ్‌లోని తెలుగు క్యాంటీన్‌కి భోజనానికి వెళ్దామా అని అడిగాడు.

"తగ్గదు."

"అయితే కోపంతోనే రండి. నాకు అలాగే నచ్చారు."

ఆమె వెళ్లింది. సాంబారు చల్లారేదాకా ఇద్దరూ పోట్లాడుకున్నారు. ఇప్పటికీ పోట్లాడుకుంటూనే ఉన్నారు, ఒకే ఇంట్లో.

వాళ్ల పేర్లు మీరు మరిచిపోయినా పర్వాలేదు. సుఖ్‌బీర్‌ని మాత్రం గుర్తుపెట్టుకోండి. ఇకమీద అతను గుర్తు తెలియని వ్యక్తి కాకూడదు.